తూర్పు కొస గోడ

కిందటి వారం రుదైనా కారు రాతిబ్ ఇంటి గేటు ముందు ఆగింది. కిటికీ తెర సందులోంచి ఆ కారుని గుర్తుపట్టి, వంటింటి గుమ్మంలోంచి జారుకుందామా అని ఆయన ఒక్క క్షణం అనుకున్నాడు. అక్కడ ఆగాం.

ఇప్పుడే వచ్చి కూర్చున్నవారి కోసం నాలుగు మాటలు. కరక్ కొండల కింద వాగు పక్కన ఆడపిల్లల బడి ఉంది. దాని మీదికి కొండచరియ జారకుండా పెద్ద గోడ కట్టాలని ప్రభుత్వం టెండర్ పిలిచింది. అందరికన్నా తక్కువకి వేసింది రుదైనా. తండ్రి ఫవ్వాజ్ పోయాక ఆయన కాంట్రాక్టు కంపెనీని పదేళ్ళ పైనుంచి నడుపుతున్న మనిషి. అయితే ఇలాంటి గోడ ఇదివరకు ఒకటైనా కట్టినట్టు రుజువు ఉంటేనే అర్హత అన్నారు. ఆమె తండ్రి కట్టిన మలుపు రోడ్డు గోడ సర్టిఫికెట్టు పెట్టింది. ఆఫీసు రికార్డులు వాననీళ్ళలో నాని పోయి ఉండటంతో, దాని మీద సంతకం చేసిన, ఇప్పుడు రిటైరైన ప్రభుత్వ ఇంజనీరుకి కమిటీ ఉత్తరం రాసింది. సంతకం మీదేనా, పని సక్రమంగా పూర్తయిందా, పది రోజుల్లో తెలపండి అని. పది రోజులూ గడిచాయి. జవాబు రాలేదు. రుదైనా అనర్హురాలైంది. రెండో స్థానంలో ఉన్న షాహిర్‌కి పని దక్కింది. ఆమె రాజధాని అమ్మాన్‌లో కోర్టుకెక్కింది.

ఆ ఇంజనీరే రాతిబ్. ఫవ్వాజ్‌కి ప్రాణస్నేహితుడు. ఉత్తరం ఆయన చేతికే అందింది. ఆ సంగతి రుదైనాకి తెలియదు.

రాతిబ్ జారుకునేలోపే ఆయన భార్య నజ్మియా తలుపు తీసేసింది. ఆమె అప్పటిదాకా పెరట్లో కూర్చుని పచ్చి ఆలివ్ కాయల్ని రాతితో చితక్కొట్టి జాడీలకెత్తుతోంది. చేతులు మోచేతుల దాకా చమురుగా ఉన్నాయి. ఆ చేతులు దూరంగా పెట్టుకుని భుజాలతోనే రుదైనాని కావలించుకుంది. రుదైనా వాళ్ళమ్మ పంపిన జమీద్ ఉండల మూట ఆమెకిచ్చింది. ఈ ఏడు పెరుగు బాగా గట్టిగా ఎండింది, రాత్రంతా నానబెట్టకపోతే కత్తికి కూడా లొంగవు అని అమ్మ చెప్పమందని చెప్పింది.

లోపలికొచ్చి కూర్చున్నాక రుదైనా రాతిబ్ ముఖం చూసి నవ్వింది. నలభై దాటిన మనిషి, బూట్ల నిండా సైటు దుమ్ము. అయినా నవ్వితే ఫవ్వాజే కనిపిస్తాడు. ఆ నవ్వు చూడలేకే రాతిబ్ ఐదు నెలలుగా ఆమె ఫోన్లకి ఏదో ఒక సాకు చెప్పి తప్పించుకుంటున్నాడు.

నజ్మియా కాఫీ తెచ్చింది. రుదైనా కప్పు అందుకుని, తాగకుండా బల్ల మీద పెట్టేసింది.

"ఒక పని మీద వచ్చాను బాబాయ్. మీరు సరేనన్నాకే తాగుతాను."

కాఫీ పక్కన పెట్టి అడిగిన అతిథిని కాదని పంపిన ఇల్లు ఆ చుట్టుపక్కల లేదు. అలా అడిగాక, అడిగించుకున్నవాడు తప్పించుకోవడమంటూ ఉండదు. నువ్వు అడగాలా బిడ్డా అన్నాడు రాతిబ్. అంటున్నప్పుడే తన గొంతు తనకే ఎవరిదోలా వినిపించింది.

ఆమె సంచిలోంచి ఒక కాగితం తీసింది. లాయరు రాసిచ్చాడట. కేసంతా ఇప్పుడు ఒక్క మాట మీదే వేలాడుతోందట. కమిటీ ఉత్తరం ఇంజనీరుకి అందిందా లేదా. అందకపోతే ఆ పది రోజుల గడువుకి అర్థమే లేదు, ఆమెని తప్పించడమూ చెల్లదు. "మీ పాత ఇంటికే పంపి ఉంటారు. మీరు మారి ఆరేళ్ళయిందని వాళ్ళకేం తెలుసు. ఆఫీసు సంగతి మీకు చెప్పాలా బాబాయ్, పెళ్ళి శుభలేఖ వాళ్ళ చేతికిస్తే పెళ్ళికొడుక్కి మనవలు పుట్టాక అందిస్తారు."

కాగితం మీద నాలుగే వాక్యాలు. నేను ఫలానా. ఆ ఉత్తరం నాకు అందలేదు. అంది ఉంటే వెంటనే జవాబు రాసేవాణ్ణి. సర్టిఫికెట్టు మీద సంతకం నాదే. కింద ఆయన పేరు, సంతకానికి చోటు.

రాతిబ్ చదివాడు. మళ్ళీ చదివాడు. పక్క గదిలో, బీపీ మాత్రలు పెట్టుకునే సొరుగులో కమిటీ పంపిన నీలం కవరు ఉంది. రోజూ పొద్దున్నే మాత్ర కోసం సొరుగు లాగినప్పుడల్లా దాని అంచు కనిపిస్తుంది. చింపి పారేద్దామని ఎన్నోసార్లు అనుకున్నాడు. చింపలేదు, జవాబూ రాయలేదు. ఇప్పుడీ పిల్ల తనంతట తానే వచ్చి, ఆ ఉత్తరం పుట్టనే లేదనుకునే దారి చూపిస్తోంది. సంతకం పెడితే ఆమె గెలుస్తుంది. తనని ఎవరూ ఏమీ అడగరు. ఇంతకంటే తేలిక ఏముంటుంది.

"ఉత్తరమా?" అంది నజ్మియా గుమ్మంలోంచి. అని ఆగిపోయింది.

రాతిబ్ తలెత్తాడు. ఆమెకి గుర్తొచ్చిందని ముఖంలోనే తెలిసిపోయింది. ఆ రోజు మండుటెండలో మోటారుసైకిలు మీద వచ్చిన బంట్రోతుకి నిమ్మరసం ఇచ్చి కూర్చోబెట్టిందీ, భర్తని కేకేసి కవరు ఇప్పించిందీ ఆమే. భార్యాభర్తలు ఒకరినొకరు చూసుకున్నారు. నజ్మియా చేతులు ముందు కట్టుకున్న గుడ్డకి తుడుచుకుని నెమ్మదిగా లోపలికొచ్చింది.

"రాలేదు బిడ్డా. అల్లా మీద ఒట్టు. ఈ గుమ్మంలోకి అలాంటి ఉత్తరమేదీ రాలేదు."

ముప్పై ఎనిమిదేళ్ళ కాపురంలో ఆమె ఒట్టు పెట్టగా రాతిబ్ వినలేదు. కూరగాయల వాడు తూకం మీద ఒట్టేస్తేనే, అంత చిన్నదానికి దేవుడి పేరెందుకయ్యా అని కోప్పడే మనిషి. ఆమె చెయ్యి ఇంకా ఆ గుడ్డనే పట్టుకుని ఉంది.

తన కోసం తాను అబద్ధమాడగలిగేవాడే. ఆమె చేత ఆడించిన ఆ అబద్ధం మీద సంతకం పెట్టడం మాత్రం రాతిబ్ వల్ల కాలేదు.

"వచ్చింది," అన్నాడు.

రుదైనాకి అర్థం కాలేదు. ఏమిటి బాబాయ్ అంది.

"ఉత్తరం వచ్చింది. ఇదే ఇంటికి, నా చేతికే. పది రోజులూ నా దగ్గరే ఉంది. ఇప్పటికీ ఉంది."

ఆమె ముఖంలో నవ్వు ఒక్కసారిగా పోలేదు. ఇంకా ఏదో చెప్తాడు, దానితో అంతా సర్దుకుంటుంది అన్నట్టు కాసేపు అలాగే ఉండి, తర్వాత పోయింది. షాహిర్ ఏమైనా అన్నాడా, బెదిరించాడా అని అడిగింది. లేదన్నాడు. ఏమైనా ఇస్తానన్నాడా అని అడగబోయి, ఆయన ముఖం చూసి ఆ మాట మింగేసింది. అది రాతిబ్‌కి తెలిసింది. అడిగి ఉంటేనే బాగుండేదనిపించింది.

అప్పుడు చెప్పాడు. పదకొండేళ్ళ కిందటి మాట. మలుపు రోడ్డు గోడ పూర్తి కావస్తుండగా ఫవ్వాజ్ ఆసుపత్రి పాలయ్యాడు. అప్పటికి గోడ తూర్పు కొస వెనకాల కంకర పొయ్యలేదు, నీళ్ళు పోయే గొట్టం వెయ్యలేదు. కూలీలు ఉత్త మట్టి నింపి చదును చేసేశారు. గడువు మూడు రోజుల్లో తీరుతుంది. తీరితే కంపెనీ పేరు నల్లజాబితాలోకి పోతుంది, మంచం మీదున్న మనిషి ఆ వార్త విని బతకడు. రాతిబ్ ఆ సాయంత్రం గోడ మీద చెయ్యి వేసి చాలాసేపు నిలబడి, ఆఫీసుకి వచ్చి సర్టిఫికెట్టు మీద సంతకం పెట్టాడు. పని సక్రమంగా పూర్తయింది అని. మూడు వారాలకి ఫవ్వాజ్ పోయాడు.

"అప్పట్నుంచీ వాన పడితే నాకు నిద్ర లేదు బిడ్డా. వెనక నీళ్ళు నిలిస్తే ఆ కొస ఎప్పుడో ఒకప్పుడు ఒరుగుతుంది. కింద రోడ్డు మీద బండ్లు తిరుగుతుంటాయి. నేను ఆ దారినే పోవడం మానేశాను. మా అక్క ఊరికి కూడా చుట్టూ తిరిగి పోతున్నాను. ఇప్పుడు కమిటీ వాళ్ళు, పని సక్రమంగా పూర్తయిందా అని అడిగారు. అవునంటే రెండోసారి అబద్ధం. కాదంటే నీ నోట్లో మట్టి, మీ నాన్న పేరు మీద మట్టి. ఏదీ రాయలేకపోయాను. ఊరుకున్నాను."

చెప్పాక కొంచెం తేలికపడతాననుకున్నాడు. పడలేదు. రుదైనా బల్ల మీది కాఫీ కప్పుని చూస్తూ కూర్చుంది. కాఫీ మీద మీగడలా పల్చటి పొర కట్టింది.

"నాకు తెలుసు," అంది చివరికి.

నజ్మియా కుర్చీ అంచున కూర్చుండిపోయింది.

"ఆసుపత్రిలో నాన్నే చెప్పాడు. తూర్పు కొస వెనక నీళ్ళకి దారి లేదు, రాతిబ్ నా కోసం సంతకం పెట్టాడు, ఆ సంతకం అబద్ధం కాకుండా చూడు అన్నాడు. అదే ఆయన చివరగా నాకు చెప్పిన పని. తర్వాతి ఎండాకాలం ఆరుగురు మనుషుల్ని తీసుకెళ్ళి వెనక మొత్తం తవ్వించాను. కంకర పోశాం, గొట్టం వేశాం, గోడకి బెజ్జాలు కొట్టాం. అడిగినవాళ్ళకి కాలువ బాగుచేస్తున్నామని చెప్పాను. పదేళ్ళుగా ప్రతి వానకీ ఆ బెజ్జాల్లోంచి నీళ్ళు కారుతున్నాయి బాబాయ్. ఒక్కసారి ఆ దారిన పోయి ఉంటే మీకూ కనపడేది."

ఎప్పుడో సర్దుకున్న తప్పుకి రాతిబ్ పదేళ్ళు వణికాడు. ఆ వణుకులో ఐదు నెలల కిందట అసలైన తప్పు చేశాడు. నాకెందుకు చెప్పలేదు అని అడిగాడు. ఆ ప్రశ్న ఎంత నీచంగా ఉందో అడిగాక తెలిసింది.

"మిమ్మల్ని సిగ్గుపరచడమెందుకని. మీరు మా కోసం చేసిన పని అది. తెలిసినట్టు ముఖాన పెట్టడం మర్యాద కాదనుకున్నాను." ఆమె కాగితం మడిచి సంచిలో పెట్టుకుంది. "గోడ తప్పు మా నాన్నది. దానికి నేను మిమ్మల్ని ఒక్క మాట అనను. కానీ ఆ పది రోజులు మీవి. ఆ పది రోజుల్లో ఒక్కసారి ఫోన్ చేసి, బిడ్డా ఇలా ఉంది, ఏం చెయ్యను అని అడిగి ఉంటే చాలు. నేను చెప్పేదాన్ని. మీరు నన్ను అడగలేదు."

లేచింది. నజ్మియా చెయ్యి పట్టుకుని ఆపబోయింది. పిన్నీ, నేను అబద్ధం రాయించుకోవడానికి రాలేదు, నిజమనుకునే వచ్చాను అని మెల్లగా చెప్పి చెయ్యి విడిపించుకుంది. కాఫీ తాగలేదు.

ఆమె వెళ్ళాక నజ్మియా మళ్ళీ పెరట్లోకి పోయి రాయి తీసుకుంది. ఒక్కో దెబ్బా మామూలు కన్నా గట్టిగా పడుతోంది. రాతిబ్ పోయి పక్కన నిలబడితే, తలెత్తకుండానే అంది. "రేపట్నుంచి మూడు రోజులు ఉపవాసముంటాను. అబద్ధపు ఒట్టుకి అదే పరిహారం. నువ్వు పెట్టమనలేదు, నేనే పెట్టాను. అయినా నీ మీద కోపంగానే ఉంది."

తానూ ఉంటానన్నాడు. నీ తప్పుకి ఉపవాసం సరిపోదు అంది.

శుక్రవారం నమాజు నుంచి వచ్చి రాతిబ్ బల్ల ముందు కూర్చుని తన చేత్తోనే రాశాడు. కమిటీ ఉత్తరం నాకు ఫలానా తేదీన అందింది, నేను కావాలనే జవాబివ్వలేదు, అందులో రుదైనా తప్పు లేదు అని. గోడ గురించి రాయబోయి కలం ఆపాడు. రాస్తే ఏమవుతుందో, రాయకపోతే ఏమవుతుందో ఆలోచిస్తుండగానే ఫోన్ మోగింది. కోర్టు నియమించిన నిపుణుడు సబ్రీ, అమ్మాన్ నుంచి. మలుపు రోడ్డు గోడని శనివారం పొద్దున పరీక్షిస్తున్నాం, సంతకం చేసిన ఇంజనీరుగా మీరూ రావాలి అని మర్యాదగా చెప్పాడు. పరీక్ష అడిగింది షాహిర్ తరఫువాళ్ళట. తూర్పు కొస వెనక ఏమీ లేదని వాళ్ళ వాదనట. పాత కూలీ ఎవడో చెప్పి ఉంటాడు.

ఫోన్ పెట్టేశాక రాతిబ్ గుండె చాలా రోజుల తర్వాత కొంచెం కుదుటపడింది. తవ్వుకోనీ. తవ్వితే కంకర ఉంటుంది, గొట్టం ఉంటుంది. షాహిర్ తన గోతిలో తానే పడతాడు.

శనివారం పొద్దున్నే ఆయన పదేళ్ళుగా పోని దారిన పోయాడు. మలుపు తిరగగానే గోడ కనపడింది. దారం పట్టి గీసినట్టు నిటారుగా ఉంది. తూర్పు కొసన బెజ్జాల కింద నీళ్ళ చారలు నల్లగా, పాతగా ఉన్నాయి. కారు ఆపి ఆ చారల్ని చూస్తుంటే కళ్ళు మసకబారాయి.

అందరూ అప్పటికే గోడ వెనక గట్టు మీద ఉన్నారు. సబ్రీ సన్నగా, చేతిలో అట్టకి బిగించిన కాగితాలతో. షాహిర్ తెల్లటి చొక్కాలో, సిగరెట్టు వెలిగించకుండా వేళ్ళ మధ్య తిప్పుతూ. గోతికి అటు పక్కన రుదైనా. రాతిబ్ సలాం చెప్పాడు. ఆమె తిరిగి చెప్పింది కానీ అటు చూడలేదు. కూలీలు నడుం లోతు తవ్వారు. పార కంకరకి తగిలి గరగరమంది. కడిగినట్టున్న శుభ్రమైన కంకర. కంకర ఉంది అని సబ్రీ రాసుకున్నాడు.

రాతిబ్ షాహిర్ వైపు చూశాడు. ఆ ముఖం వాడలేదు.

"గొట్టం కూడా ఉంటుంది లెండి," అన్నాడు షాహిర్ తాపీగా. "ఒక ముక్క కోసి పైకి తెప్పించండి. ఇంజనీరు గారు కూడా చూస్తారు, పాత స్నేహితుడి పని కదా."

కోశారు. సీసాలో నీళ్ళు పోసి మట్టి కడిగారు. ప్లాస్టిక్ గొట్టం పొడుగునా ఫ్యాక్టరీ వాళ్ళ నల్లటి అచ్చు అక్షరాలు తేలాయి. కంపెనీ పేరు, కొలత, చివర తయారైన ఏడాది. 2013.

సర్టిఫికెట్టు మీద ఏడాది 2012.

రుదైనా బాగుచేసిన పనే ఆమెకి ఉరి అయింది. సర్టిఫికెట్టు ఇచ్చిన నాటికి ఈ గొట్టం పుట్టనే లేదు. అంటే దొంగ పత్రం పెట్టి టెండర్ వేసినట్టు. ఈ ఒక్క పనే కాదు, ఇకపై ఏళ్ళ తరబడి ఏ ప్రభుత్వ పనికీ ఆమెని టెండర్ వెయ్యనివ్వరు. షాహిర్‌కి ఇది ముందే తెలుసు, వెనక ఏమీ లేదన్నది తవ్వించడానికి వేసిన ఎర.

సబ్రీ కలం పట్టుకుని ఆయన వైపు తిరిగాడు. "మీరు సంతకం పెట్టిన రోజున ఈ గొట్టం ఇక్కడ ఉందా?"

"లేదు," అన్నాడు రాతిబ్.

రుదైనా కళ్ళు మూసుకుంది. షాహిర్ సిగరెట్టు వెలిగించుకున్నాడు.

"అయితే తర్వాత ఎవరు వేశారు?"

గోడ కట్టాక ఏడాది పాటు లోపాలు సరిచేయించే అధికారం ఇంజనీరుదే. ఆ ఏడాదిలో ఆయన చెప్పగా చేసిన పని కాంట్రాక్టులో భాగమే, సర్టిఫికెట్టుకి మచ్చ రాదు. ముప్పై ఏళ్ళు ఆ నిబంధనతోనే బతికిన మనిషికి అది ఆలోచించాల్సిన పని లేకపోయింది. కోటు జేబులో రాసిన కాగితం ఉంది, నిజమే చెప్తానని పొద్దున బయల్దేరేటప్పుడు నజ్మియాకి ఇచ్చిన మాట ఉంది. అయినా నోరు తెరిచేసరికి ఫవ్వాజ్ కోసం అప్పుడు కదిలిన చెయ్యే మళ్ళీ కదిలినట్టైంది.

"నేనే వేయించాను," అన్నాడు. "ఏడాది తిరగకముందే లోపం కనిపెట్టి, సరిచెయ్యమని ఈ అమ్మాయికి నేనే చెప్పాను."

షాహిర్ నోట్లోంచి సిగరెట్టు తీశాడు. సబ్రీ ఆ మాటలు ఒక్కొక్కటే రాసుకున్నాడు. రాయడం అయ్యాక పేజీ తిప్పకుండా, గోతికి అటువైపున్న రుదైనాని అడిగాడు.

"ఆయన చెప్పింది నిజమేనా అమ్మా?"